సానపట్టిన చేయి

గతవారం పనిమీద సూరత్ వెళ్ళినప్పుడు, కతర్‌గామ్‌లోని ఒక వజ్రాల కార్ఖానాలో గంటసేపు గడిపాను. ప్రపంచపు వజ్రాలలో అధికభాగం సానదేరేది ఈ నగరంలోనే. మధ్యాహ్న విరామంలో నలుగురు కార్మికులు ఒక ఫోను చుట్టూ చేరి పగలబడి నవ్వుతున్నారు. తొంగి చూస్తే, ‘జానే భీ దో యారో’లో శవాన్ని ద్రౌపదిగా రంగస్థలం ఎక్కించిన ఘట్టం! దర్శకుడెవరని అడిగాను. నసీరుద్దీన్ షా పేరు చెప్పారేగాని, కుందన్ షా పేరు ఒక్కరికీ తెలియదు. వజ్రం ధరించినవారిని లోకం చూస్తుంది; సానపట్టిన చేతిని చూడదు.

ఆ చిత్రానికి మన హైదరాబాదుతో బంధుత్వమున్నది. పుణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో కుందన్ షాతో చదివిన మిత్రులు హైదరాబాదులో ఫొటో స్టూడియో పెట్టి పడిన అగచాట్లే ఆ కథకు బీజం. కేంద్రప్రభుత్వపు చలనచిత్రాభివృద్ధి సంస్థ ఏడు లక్షల రూపాయల లోపు ఖర్చుతో నిర్మించిన ఆ చిత్రం 1983లో విడుదలై, ఆయనకు తొలిచిత్ర దర్శకునిగా జాతీయ పురస్కారం తెచ్చిపెట్టింది. అయినా మరొక చిత్రం, ‘కభీ హాఁ కభీ నా’, థియేటర్లకు చేరేసరికి 1994 వచ్చింది. నడుమ ఆయనను ఆదుకున్నది దూరదర్శనే. సయీద్ మీర్జాతో కలిసి తీసిన ‘నుక్కడ్’లోనూ, ‘వాగ్లే కీ దునియా’లోనూ ఆయన చూపినది వీధిమొగ బీదలను, చిరుద్యోగి సంసారాన్ని.

కమిషనరును, కాంట్రాక్టరును, పత్రికా సంపాదకురాలిని సైతం పరిహసించిన చిత్రానికి ప్రభుత్వ ధనమే పెట్టుబడి కావడం గమనార్హం. అందులో వంతెన కూలుతుంది. నేరస్థులు కాక, నిజం కనిపెట్టిన ఇద్దరు అమాయకులు జైలుకు పోతారు. కథ పాతబడలేదు. 2007లో మన పంజగుట్టలో నిర్మాణంలో ఉన్న ఫ్లైఓవర్ కూలింది. 2022లో ఇదే గుజరాత్‌లోని మోర్బీలో తీగల వంతెన తెగి 135 మంది మరణించారు.

2015లో కుందన్ షా తన జాతీయ పురస్కారాన్ని తిరిగి ఇచ్చివేశారు. నేటి వాతావరణంలో అటువంటి చిత్రం తీయడం అసాధ్యమని అప్పుడాయన అన్నారు. 2017లో కన్నుమూశారు. ఆయనకు స్మారకచిహ్నం అక్కరలేదు. తనను చూసి నవ్వే కథకు ఖజానా తాళం తీయగల ధైర్యం ఢిల్లీకి మళ్ళీ కలిగితే చాలును. ఆ ధైర్యం లేని ప్రభుత్వం పురస్కారాలు ఎన్ని పంచినా, అవి సానపట్టని రాళ్ళే.