కూలీ వేళ్లు పోతే పెద్దమనుషుల తీర్పుతో సరిపెట్టొద్దు

మొక్కజొన్న నూర్పిళ్లప్పుడు మా ఊళ్లో జరిగిన సంగతి ఇది. మూడెకరాలు కౌలుకు చేసే రైతు కళ్లంలో మిషన్ ఆడుతోంది. కండెలు అందిస్తున్న కూలీ ఆమె, నలభై ఏళ్ల మనిషి. మిషన్ ఆమె కుడిచెయ్యిని లాగేసుకుంది. బొటనవేలు మిగిలింది, నాలుగు వేళ్లు పోయాయి. ఆస్పత్రి ఖర్చు కొంత రైతు, కొంత మిషన్ ఓనరు పెట్టుకున్నారు. పది రోజులు పోయాక పెద్దమనుషులు కూర్చుని 40 వేలు ఇప్పించారు. ఇక ఏ కేసూ పెట్టనని తెల్లకాగితం మీద వేలిముద్ర వేయించారు.

ఆ పంచాయతీలో మన సంఘం వాళ్లమూ ఉన్నాం. కౌలు రైతు నష్టపోకూడదని గట్టిగానే మాట్లాడాం. ఆ మనిషి రేపటి నుంచి కలుపు ఎలా తీస్తుంది, పత్తి ఎలా తీస్తుంది అని మాత్రం మేము అడగలేదు. అందుకే ఈ నాలుగు మాటలు రాస్తున్నాం.

నష్టపరిహారం ఫ్యాక్టరీ కార్మికులకే అని మనలో చాలామంది అనుకుంటాం. అది తప్పు. 1923 నాటి కార్మికుల నష్టపరిహార చట్టం జాబితాలో ట్రాక్టర్లతో, కరెంటు యంత్రాలతో చేసే సేద్యం ఉంది. యంత్రాలతో కోత, నూర్పిడి ఉన్నాయి. పొలంలో పురుగుమందు కొట్టే పనీ ఉంది. రోజుకూలీలకు వర్తించదని చెప్పడానికి ఒకప్పుడు చట్టంలో ఒక మాట ఉండేది. 2000లో సవరణ చేసి దాన్ని తీసేశారు. ఇప్పుడు ఈ చట్టాన్ని సామాజిక భద్రతా కోడ్‌లో కలిపేశారు. పార్లమెంటు 2020లో ఆమోదించిన ఆ కోడ్‌ను కేంద్రం 2025 నవంబరు 21న అమల్లోకి తెచ్చింది. ఇంటి నుంచి పనికి పోతూ, వస్తూ జరిగే ప్రమాదాలను కూడా అందులో చేర్చారు. ఆటోల్లో కిక్కిరిసి మిరప కోతలకు పోయే మన కూలీలకు ఇది అవసరమైన మాట.

లెక్క ఎలా ఉంటుందో చూద్దాం. శాశ్వతంగా పూర్తి వైకల్యం వస్తే నెల వేతనంలో 60 శాతాన్ని వయసుకు తగ్గ అంకెతో హెచ్చించాలి. నలభై ఏళ్లకు ఆ అంకె 184.17. ఒక చేతి నాలుగు వేళ్లు పోతే అందులో సగం వస్తుంది. మా ఊరి ఆమె నెల కూలి 9 వేలు అనుకుంటే 4 లక్షల 97 వేలు రావాలి. వైద్యం ఖర్చు దీనికి అదనం. చేతికి వచ్చింది 40 వేలు. ఇంకో సంగతి. పరిహారం హక్కు వదులుకుంటున్నానని రాసిచ్చిన కాగితం చెల్లదని ఆ చట్టంలోనే ఉంది. పెద్దమనుషులు వేయించిన వేలిముద్రకు విలువ లేదు.

ఇక్కడే రైతు గుండె ఝల్లుమంటుంది. పనికి పిలిచిన రైతే చట్టం దృష్టిలో యజమాని. కౌలు కట్టి, అప్పు తెచ్చి, మద్దతు ధర లేక అమ్ముకునే వాడు 5 లక్షలు ఎక్కడ నుంచి తెస్తాడు? తేలేడు. ఆ మాట నిజమే. కానీ రైతు దగ్గర లేదు కాబట్టి కూలీకి రాకూడదు అనడం న్యాయం కాదు. ఇద్దరిలో ఎవరూ మునగకుండా ఉండాలంటే ఆ భారం బీమా మోయాలి. ఆ బీమా సర్కారు పెట్టాలి.

తెలంగాణలో 2018 నుంచి రైతుబీమా ఉంది. 5 లక్షలు ఇస్తున్నారు, మంచిదే. కానీ అది పట్టా ఉన్న రైతు చనిపోతేనే. కౌలు రైతుకు లేదు, కూలీకి లేదు, చెయ్యి పోయినవాడికి అసలే లేదు. హర్యానాలో మార్కెట్ కమిటీల ద్వారా రైతులకు, వ్యవసాయ కూలీలకు ఇద్దరికీ ప్రమాద సాయం అందే పథకం నడుస్తోంది. అక్కడ చేయగలిగింది ఇక్కడెందుకు చేయలేరు? మన పంట మీద వసూలు చేసే మార్కెట్ సెస్సులో ఒక భాగం దీనికి పక్కన పెట్టమని అడుగుదాం. మిషన్ల సంగతి కూడా ఉంది. పవర్ థ్రెషర్ల ప్రమాదాలు ఆపడానికి కేంద్రం 1983లోనే ప్రమాదకర యంత్రాల చట్టం చేసింది. చెయ్యి లోపలికి పోకుండా రక్షణ లేని మిషన్లు ఇంకా ఊళ్లలో తిరుగుతుంటే అడిగే అధికారి ఏడీ?

సర్కారు కదిలేదాకా మనం చేయాల్సినవి కొన్ని ఉన్నాయి. ప్రమాదం జరిగితే దాచొద్దు. ఆస్పత్రిలో జారి పడింది అని రాయించొద్దు, పొలం పనిలో జరిగిందని ఉన్నది ఉన్నట్టు రాయించాలి. పోలీసు స్టేషన్‌లో ఫిర్యాదు ఇవ్వాలి. వైకల్యం ఎంత శాతమో డాక్టరు సర్టిఫికెట్ తీసుకోవాలి. రెండేళ్లు దాటకముందే కార్మిక శాఖ అధికారి దగ్గర దరఖాస్తు పెట్టాలి. ట్రాక్టరు ఉన్నవాళ్లు ట్రక్కుకు కూడా బీమా కట్టండి, కూలీల కోసం అదనపు ప్రీమియం గురించి ఏజెంటును అడిగి కట్టండి. ట్రక్కులో కూర్చున్న కూలీలకు మా బాధ్యత లేదని కంపెనీలు చేతులెత్తేయడం కొత్త కాదు. ఏడాదికి 20 రూపాయలతో బ్యాంకులో ప్రధానమంత్రి సురక్షా బీమా ఉంది. ప్రమాదంలో చనిపోతే 2 లక్షలు వస్తాయి. మన దగ్గర పనిచేసే కూలీల పేర్లు అందులో ఉన్నాయో లేదో సీజను మొదట్లోనే చూసుకుందాం.

మా ఊరి ఆమె తరఫున దరఖాస్తు పెట్టాలని సంఘంలో తీర్మానించాం. గడువు ఇంకా ఉంది. కౌలు రైతు మొదట భయపడ్డాడు. నిన్ను ఒంటరిగా వదలం, మిషన్ ఓనరు వాటా కూడా అడుగుదాం, సర్కారు సాయం కోసం కలెక్టరు దగ్గరికి నీతో పాటు మేమూ వస్తాం అని చెప్పాం. ఆయన కూడా సాక్ష్యం చెప్తానన్నాడు. కూలీ, రైతు ఒకరి మీద ఒకరు పడకుండా ఒకే అర్జీ పట్టుకుని పోవాలి. మీ ఊళ్లో ఇలాంటి కేసు ఉంటే వచ్చే మండల సమావేశానికి కాగితాలతో రండి.