దయ కాదు, ఒడంబడిక

ముస్లింల హక్కుల ప్రస్తావన వచ్చిన ప్రతిసారీ రెండు మాటలు వినవస్తున్నాయి. ఒకటి బుజ్జగింపు, రెండవది ఔదార్యం. మొదటి మాట పలికేవారు మనకు ఇచ్చినదే ఎక్కువ అంటారు. రెండవ మాట పలికేవారు ఇంకొంత ఇవ్వాలంటారు. ఇచ్చేవారు తాము, పుచ్చుకునేవారము మనము అన్న భావన మాత్రం ఇద్దరిదీ ఒక్కటే. ఈ భావననే మేము తిరస్కరిస్తున్నాము. ఈ దేశంతో మన సంబంధం దాతకూ యాచకునికీ మధ్య ఉండే సంబంధం కాదు. అది ఒడంబడిక. ఒడంబడికలో ఇరుపక్షాలకూ బాధ్యతలుంటాయి. బలవంతుని బాధ్యత మరింత బరువైనది.

ఒడంబడిక ముస్లింలకు కొత్త మాట కాదు. అహ్ద్, మీసాఖ్ అనే పదాలు దివ్య ఖుర్ఆన్‌లో పలుచోట్ల కనిపిస్తాయి. మాయిదా సూరా విశ్వాసులకు ఇచ్చే తొలి ఆదేశమే ఒప్పందాలను నెరవేర్చమని. ఈ ఆదేశం ఆచరణలో ఎంత కఠినమైనదో క్రీ.శ. 628 నాటి హుదైబియా సంధి చూపుతుంది. సంధి పత్రం రాస్తుండగానే అబూ జందల్ (రజి) సంకెళ్లతో వచ్చి ముస్లింల శరణు కోరారు. మక్కా నుంచి పెద్దల అనుమతి లేకుండా వచ్చినవారిని తిప్పి పంపాలన్నది ఒప్పందంలోని షరతు. దైవప్రవక్త ముహమ్మద్ (స) ఆయనకు సహనం బోధించి, ఇచ్చిన మాటకు కట్టుబడ్డారు. సహచరుల గుండెలు మండిపోయాయి. అయినా మాట తప్పలేదు. మాట నిలుపుకోవడం మనకే నష్టం తెచ్చినప్పుడు కదా ఒడంబడిక విలువ తేలేది!

అంతకు ఆరేళ్ల ముందు, 622లో హిజ్రత్ అనంతరం, మదీనాలో కుదిరిన ఒప్పందం ముస్లింలతో పాటు యూదు తెగలనూ ఒకే రాజకీయ సమాజంగా గుర్తించింది. ఎవరి ధర్మం వారిది, నగర రక్షణ మాత్రం అందరిదీ. మౌలానా హుసేన్ అహ్మద్ మదనీ 1938లో ‘ముత్తహిదా ఖౌమియత్ ఔర్ ఇస్లాం’ గ్రంథంలో ఈ మదీనా ఒప్పందాన్నే ఆధారం చేసుకొని, భిన్న మతాలవారు ఒకే జాతిగా జీవించవచ్చునని వాదించారు. దేశవిభజనను వ్యతిరేకించిన ఉలమాకు మదీనా కేవలం గతించిన చరిత్ర కాదు. రాబోయే భారతదేశానికి అది నమూనా.

ఇక రాజ్యాంగ సభకు వద్దాం. 1947 ఆగస్టులో సర్దార్ పటేల్ అధ్యక్షతన గల సలహా సంఘం ఉమ్మడి నియోజకవర్గాలలో ముస్లింలకు చట్టసభల స్థానాలు కేటాయించాలని సిఫారసు చేసింది. సభ దానిని ఆమోదించింది. 1949 మేలో అదే సభ ఆ రక్షణను ఉపసంహరించింది. ముస్లిం సభ్యులు ఏకాభిప్రాయంతో లేరు. బేగం ఐజాజ్ రసూల్ ఉపసంహరణను సమర్థించారు. మద్రాసుకు చెందిన ముహమ్మద్ ఇస్మాయీల్ వ్యతిరేకించారు. చివరకు మనకు మిగిలినవి అందరితో సమానమైన పౌరసత్వం, 25 నుంచి 30 వరకు గల అధికరణాలు, మెజారిటీ సద్భావనపై నమ్మకం. మైనారిటీలు తమ భవితను మెజారిటీ చేతిలో పెట్టారనీ, వారిపట్ల వివక్ష చూపకపోవడం మెజారిటీ విధి అనీ డాక్టర్ అంబేద్కర్ 1948 నవంబరులోనే ఆ సభకు స్పష్టం చేశారు.

రాజ్యాంగం పౌరులందరూ తమకు తాము ఇచ్చుకున్న శాసనమే తప్ప మతవర్గాల మధ్య ఒప్పందం కాదని కొందరంటారు. న్యాయశాస్త్ర రీత్యా అది నిజమే. కాని ఒక సమాజం తన రక్షణను వదులుకున్న తరువాత, ఆ వదులుకోలు ఫలాన్ని అనుభవిస్తూ, దానికి బదులుగా ఇచ్చిన మాటను మరచిపోవడం ఏ ధర్మం? కొందరు వద్దన్నా రక్షణను తొలగించారంటే, మాట నిలుపుకోవలసిన భారం పెరుగుతుందే గాని తరగదు.

ఆ మాట ఏమైంది? 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు షెడ్యూల్డు కులాల హోదాను హిందువులకే పరిమితం చేసింది. 1956లో సిక్కులకు, 1990లో బౌద్ధులకు ఆ తలుపు తెరుచుకుంది. తరతరాలుగా పారిశుద్ధ్య పనిలో మగ్గిన ముస్లింలకు నేటికీ తెరుచుకోలేదు. 1947 ఆగస్టు 15 నాటి ప్రార్థనా స్థలాల స్వభావాన్ని మార్చరాదని 1991లో పార్లమెంటు చట్టం చేసింది. ఆ చట్టం అమలులో ఉండగానే మసీదులపై వ్యాజ్యాలు వెల్లువెత్తాయి. 2024 డిసెంబరులో సుప్రీంకోర్టు కొత్త వ్యాజ్యాలను అడ్డుకోవలసి వచ్చింది. తెలంగాణ శాసనసభ 2017 ఏప్రిల్‌లో వెనుకబడిన ముస్లింల రిజర్వేషన్‌ను 4 నుంచి 12 శాతానికి పెంచే బిల్లును ఆమోదించింది. ఆ పెంపు నేటికీ అమలుకు రాలేదు. ఎన్నికల సభలో ఇచ్చే హామీకీ, ఒడంబడికకూ గల తేడాను మనం ఇక్కడే గుర్తించాలి. హామీ ఓటుతో ముగుస్తుంది. ఒడంబడిక తరాలను కట్టిపడేస్తుంది.

ఈ గీటురాయిపై మన ఇళ్లనూ గీసి చూడాలి. నికాహ్‌ను ఖుర్ఆన్ ‘మీసాఖె గలీజ్’, అంటే దృఢమైన ప్రమాణం, అని పేర్కొన్నది. అటువంటి ప్రమాణం చేసిన చోటే మహర్ కాగితానికి పరిమితమై, జహేజ్ మాత్రం రొక్కంగా చేతులు మారుతున్నది. వక్ఫ్ ఆస్తి అల్లాహ్ పేర అప్పగించిన అమానత్. దానిని కాపాడవలసిన ముతవల్లీ నామమాత్రపు అద్దెకు అయినవారికి కట్టబెడితే, బయటివారి జోక్యాన్ని ప్రశ్నించే మన గొంతులో బలమెక్కడిది? ఇంటిలో మాట తప్పేవారు రాజ్యాన్ని మాట నిలుపుకోమని నిలదీయలేరు.

అయితే మన లోపాలు రాజ్యం బాధ్యతను రద్దు చేయవు. రెండు లెక్కలూ విడివిడిగా తేలవలసినవే. కాబట్టి ఓటు అడగవచ్చే ప్రతి పార్టీనీ ఏమి ఇస్తారని అడగడం మానుదాం. ఇచ్చిన మాటలో ఎంత నెరవేర్చారని అడుగుదాం. మనకు రావలసినది భిక్ష కాదు, బాకీ. బాకీ అడిగేవాడు తలవంచుకొని నిలబడనవసరం లేదు.