గదిలో స్వేచ్ఛ - వీధిలో స్వేచ్ఛ

2018 సెప్టెంబర్ 6న సుప్రీంకోర్టు 377 సెక్షన్ కోరలు పీకింది. వయసొచ్చిన ఇద్దరు ఇష్టపడి చాటుగా కలిస్తే నేరం కాదంది. నగరాల్లో రంగుల జెండాలు ఎగిరాయి. మంచిదే.

కానీ ఆ రోజుకి తెలంగాణలో ఇంకో చట్టం బతికే ఉంది. నిజాం ఏలుబడిలో, 1919లో పుట్టింది. హిజ్రాల పేర్లు రిజిస్టరులో ఎక్కించమంది. ఆడబట్టలు కట్టి వీధిలో కనబడితే వారంటు లేకుండా పట్టుకోవచ్చంది. ట్రాన్స్‌జెండర్ కార్యకర్తలే కోర్టుకెక్కి కొట్లాడితే 2023 జూలైలో హైకోర్టు దాన్ని కొట్టేసింది.

దీని అర్థమేమిటి? గదిలో స్వేచ్ఛ ఒకటి, వీధిలో స్వేచ్ఛ ఇంకొకటి. తలుపేసుకోడానికి గది ఉన్నవాళ్లది ముందొచ్చింది. అద్దెకు గదే దొరకనివాళ్లది వెనకబడింది. ఒకే జెండా పట్టినంత మాత్రాన అందరి ఆకలీ ఒకటి కాదు. ఈ సంగతి మాల మాదిగ వాడలకు వేరే చెప్పాలా?

హిజ్రాలను వెనుకబడిన తరగతిగా చూసి రిజర్వేషన్లివ్వమని 2014లోనే సుప్రీంకోర్టు చెప్పింది. మరి మాదిగింట్లో పుట్టిన హిజ్రా ఎస్సీయా, బీసీయా? ఒకటి తీసుకుంటే ఇంకోటి వదులుకోవాలా? 2021లో కర్ణాటక దారి చూపింది. ప్రభుత్వ ఉద్యోగాల్లో ఎస్సీ, ఎస్టీ, బీసీ, జనరల్ అన్నిట్లోనూ వాళ్లకు 1 శాతం పెట్టింది. తెలుగు రాష్ట్రాలు రెండూ ఆ దారి పట్టాలి. అది మన డిమాండు కావాలి.

సంఘం మిత్రులారా! ఇంట్లోంచి గెంటేసిన ఆ బిడ్డ మన వాడ బిడ్డే. మీటింగులో కుర్చీ వెయ్యండి, మైకు ఇవ్వండి. బూతుమాట మాని పేరుపెట్టి పిలవండి. కులం పేరుతో తిట్లు తిన్న మనకు ఆ మాట ఎక్కడ గుచ్చుకుంటుందో తెలుసు.