మౌఖిక పరీక్షలు – మార్కుల అంతరము

సర్కారు కొలువునకై కుమారునో కుమార్తెనో చదివించుచున్న తండ్రికి వ్రాతపరీక్షకంటె ఇంటర్వ్యూ యనబడు మౌఖిక పరీక్షయే హెచ్చు భయమును గొల్పుచున్నది. వ్రాతపరీక్షకు కాగితము సాక్ష్యముగా మిగులును. మౌఖిక పరీక్షలోనో, నలుగురు పెద్దలు ఒక గదిలో కూర్చుండి, కొంతసేపు ప్రశ్నలడిగి, ఒక అంకె వేయుదురు. ఆ అంకె ఏల పడినదో అభ్యర్థికి తెలియదు. వడ్డించువాడు మనవాడైనచో కడపంక్తిని కూర్చున్నను కొరతలేదను సామెత ఆ గది తలుపు వద్దనే మన జనులకు జ్ఞప్తికి వచ్చుచున్నది. ఈ శంక అన్నిచోట్ల నిజమని మేము చెప్పజాలము. నిజము కానిచోటను దానిని తీర్చు మార్గము లేకుండుటయే అసలు దోషము.

మౌఖిక పరీక్షకు కేటాయించిన మార్కులు స్వల్పములే యని అధికారులు చెప్పు సమాధానము. ఆంధ్రప్రదేశ్ గ్రూపు-1 పరీక్షలలో వ్రాతకు 750, మాటకు 75 మార్కులుగా నుండుట వాడుక. అనగా మొత్తములో నూటికి తొమ్మిది. కేంద్ర సివిల్ సర్వీసులలో వ్రాతకు 1750, మాటకు 275. చూచుటకు స్వల్పములే. అయినను వ్రాతపరీక్ష గట్టెక్కి ఆ గదివరకు వచ్చినవారిలో పెక్కురు ఇంచుమించుగా ఒకే మెట్టు మీద నుందురు. ఒకనికి వ్రాతలో 440, మరియొకనికి 425 వచ్చినవనుకొందము. మొదటివానికి మౌఖికములో 30, రెండవవానికి 50 వేసిరేని, ఏండ్ల చదువువలన గలిగిన 15 మార్కుల ఆధిక్యము క్షణములో హరించిపోయి, మొదటివాడు 5 మార్కులు వెనుకబడును. కావున ప్రజలు విచారింపవలసినది గరిష్ఠ మార్కు లెన్ని యని కాదు. అధికమునకును అల్పమునకును నడుమ పరీక్షకులు విడిచెడి అంతరమెంత యని.

ఈ సంగతి న్యాయస్థానములకు క్రొత్తది కాదు. హర్యానా పబ్లిక్ సర్వీసు కమిషను నియామకములపై 1985లో అశోక్‌కుమార్ యాదవ్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు తీర్పు చెప్పెను. అచట సామాన్య అభ్యర్థులకు 900 మార్కులలో 200 మౌఖికమునకే యుండెను. 61 ఖాళీలకు 1300 మందికి పైగా పిలువబడిరి! ఖాళీలకు రెండింతలు, మహా యైన మూడింతలకు మించి పిలువరాదనియు, మౌఖికమునకు నూటికి 12.2 మించరాదనియు, తన బంధువు పరీక్షకు వచ్చినపుడు సభ్యుడు లేచిపోవలెననియు కోర్టు హితవు చెప్పెను. అయినను జరిగిపోయిన నియామకములను మాత్రము కొట్టివేయలేదు. నష్టపోయినవారికి హితవు మిగిలినది, ఉద్యోగము మిగులలేదు.

మన ఆంధ్రప్రదేశమున జరిగినది మరింత విచిత్రము. జిల్లా జడ్జీల నియామకమునకై హైకోర్టు వ్రాతకు 75, మాటకు 25 మార్కులు నిర్ణయించినది. పరీక్షలన్నియు ముగిసిన పిదప, మౌఖికమునందును కనీస మార్కులు రావలయునని క్రొత్త నిబంధన పెట్టినది. మంజుశ్రీ వ్యాజ్యమున 2008లో సుప్రీంకోర్టు దీనిని త్రోసిపుచ్చెను. ఆట ముగిసిన పిదప నియమములు మార్చుట తగదని తీర్మానించెను. నియామకము ఆరంభమైన తరువాత, ముందుగా అనుమతి యున్ననే తప్ప, నియమములు మార్చరాదని 2024 నవంబరులో రాజ్యాంగ ధర్మాసనమును చెప్పినది. న్యాయాధిపతుల ఎంపికయే ఇట్లుండగా తక్కిన కొలువుల మాట చెప్పనేల?

మౌఖిక పరీక్షను తీసివేయుటయే మందని కొందరందురు. కేంద్రము 2016 జనవరి 1 నుండి గెజిటెడు కాని చిన్న ఉద్యోగములకు దానిని రద్దుచేసినది, అది మంచిపనియే. తెలంగాణము 2022లో గ్రూపు-1కును రద్దుచేసినది. అయినను వివాదము తీరలేదు. 2025లో అచటి వ్రాతపరీక్షల మూల్యాంకనమే హైకోర్టు మెట్లెక్కినది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము 2021లో రద్దు ప్రకటించి, 2022 నాటి గ్రూపు-1 ప్రకటనకు మరల మౌఖికమును నిలిపినది. ఇట్లు ఏటికొక విధానమైనచో పల్లెనుండి వచ్చిన విద్యార్థి దేనికి సిద్ధపడును? రేపు జిల్లాను ఏలవలసినవాని ధైర్యమును, వినయమును కాగితము పూర్తిగా చూపజాలదని మేమును ఒప్పుకొందుము. కాని పరీక్షకుడు వెదకవలసినది ఆ గుణములనే గాని, పట్టణపు ఇంగ్లీషు ఉచ్చారణను గాదు.

కావున మౌఖికమును ఉంచదలచిన ప్రభుత్వము పరీక్షకులకు కట్టుబాటు చేయవలయును. అభ్యర్థి వ్రాతమార్కులు బోర్డునకు తెలియరాదు. తెలిసినచో ఎంత వేసిన నెవడు గెలుచునో లెక్కవేయుట సుళువగును. ఏ అభ్యర్థి ఏ బోర్డు ముందునకు పోవునో ఆ ఉదయమే చీటితీసి తేల్చవలెను. సభ్యులు తమలో తాము మాటలాడుకొనకముందే ఎవరి మార్కులు వారు వేసి సంతకము చేయవలెను. మిక్కిలి హెచ్చుగానో మిక్కిలి తక్కువగానో వేసినచోట కారణము వ్రాయవలెను. సంభాషణను యంత్రముపై భద్రపరచుమని 1980లోనే, శ్రీనగరపు ఇంజనీరింగు కళాశాల ప్రవేశముల తగవున, సుప్రీంకోర్టు సూచించెను. అచట ఒక్కొక్క విద్యార్థికి రెండు మూడు నిమిషములే దక్కినవట! నాడు టేపురికార్డరు ఖర్చనుకొన్నను, నేడు ప్రతివాని జేబులోను అట్టి యంత్రమున్నది.

వీనికి పెద్ద ధనమక్కరలేదు, క్రొత్త శాసనమును అక్కరలేదు. తదుపరి గ్రూపు-1 ప్రకటనలో, మొదటి దరఖాస్తు అందకముందే, ఈ నియమములను అచ్చువేసిన చాలును.