‘ఎవరి అమ్మాయి?’ అని అడగకండి

“పులి కడుపున పిల్లి పుడుతుందా?”, “చేపపిల్లకు ఈత నేర్పాలా?” ఈ రెండు సామెతలంటే నాకు కోపం. ఒకమ్మాయి స్టేజి మీద బాగా నటించిందనుకోండి, పెద్దవాళ్ళు ముందు అడిగేది “ఎవరి అమ్మాయి?” అని. జవాబు వినగానే “అదీ సంగతి, రక్తంలోనే ఉంది” అని తేల్చేస్తారు. ఈ మాట తప్పని నా వాదన. సామాన్య కుటుంబం నుంచి సాక్ష్యం తెస్తే ఒప్పుకోరు కాబట్టి కళాకారుల కుటుంబం నుంచే తెస్తాను.

ఫ్రెంచి నటి కేథరిన్ డెనూవ్ 1943లో పారిస్‌లో జన్మించింది. నాన్న మోరిస్ డోర్లెయాక్ నటుడు. అమ్మ రెనే సిమోనో రంగస్థల నటి, అమెరికా సినిమాలకు ఫ్రెంచిలో గొంతు ఇచ్చిన తొలితరం డబ్బింగ్ కళాకారుల్లో ఒకరు. అమ్మమ్మ ఓదెయోన్ నాటకశాలలో ప్రాంప్టర్, అంటే నటులు మాట మరిచిపోతే చాటు నుంచి అందించేది. అక్క ఫ్రాన్స్వాజ్ కూడా నటే. “ఇంకేం, రక్తమే!” అంటారు కదూ? ఆగండి.

1960లో అక్క నటించిన సినిమాలో ఆమెకు చెల్లెలి వేషం దొరికింది. ఆ సినిమా పేరుకు అర్థం ‘తలుపులు ధడేలుమంటాయి’. ఇక్కడ మాత్రం అక్క తలుపు తెరిచింది. ఈ సాయాన్ని నేను దాచను. కానీ తలుపు తెరవడం వేరు, లోపల నిలబడటం వేరు. అక్కాచెల్లెళ్ళను జనం కలగలపకూడదని ఆమె డోర్లెయాక్ అనే ఇంటిపేరు పక్కన పెట్టి, అమ్మ పుట్టింటి పేరు డెనూవ్ పెట్టుకుంది. నటన బడికి వెళ్ళలేదు, సెట్ల మీదే నేర్చుకుంది.

1964లో జాక్ దెమీ తీసిన ‘షెర్‌బూర్ గొడుగులు’ ఆమెను పెద్ద తారను చేసింది. కాన్ చిత్రోత్సవంలో ఆ సినిమాకే అత్యున్నత బహుమతి వచ్చింది. అందులో మాటలన్నీ పాటలే. అయితే ఆమె పాత్రకు పాడింది డానియెల్ లికారీ అనే గాయని. అమ్మేమో వేరేవాళ్ళ ముఖాలకు గొంతు ఇచ్చింది, కూతురు వేరేవాళ్ళ గొంతుకు ముఖం ఇచ్చింది. సినిమా అంతా పాటకు తగ్గట్టు పెదవి కదపాలి, ఊపిరి తియ్యాలి, కన్నీళ్ళు కూడా పెట్టాలి. ఇది సాధన చేస్తే వస్తుంది గానీ రక్తంతో రాదు.

1967లో అక్కాచెల్లెళ్ళిద్దరూ ఒకే సినిమాలో కవలలుగా వేశారు. అదే సంవత్సరం అక్క కారు ప్రమాదంలో చనిపోయింది. అప్పటికి ఆమె వయసు 25 ఏళ్ళే. ఆ తర్వాత కూడా డెనూవ్ పని ఆపలేదు. 1980లో త్రూఫో తీసిన ‘ఆఖరి మెట్రో’లో, జర్మన్ల ఆక్రమణలో ఉన్న పారిస్‌లో నాటకశాల నడుపుతూ, యూదుడైన భర్తను దాని కిందే దాచిపెట్టిన స్త్రీగా నటించి సీజర్ అవార్డు పొందింది. 1992 నాటి ‘ఇండోచైనా’కు ఆస్కార్ నామినేషన్ వచ్చింది. అక్క తలుపు తెరిచిన 32 ఏళ్ళ తర్వాత వచ్చిన ఈ గౌరవం కూడా రక్తం ఖాతాలోనే వేస్తారా?

కుటుంబం ఆమెకు ఇచ్చినది ఒకటుంది. నటన అంటే అన్నం పెట్టే పని అని తెలిసిన ఇల్లు. మనలో చాలామందికి అలాంటి ఇల్లు లేదు. టైలరింగ్ చేసే అమ్మ, లారీ నడిపే నాన్న ఉన్న ఇంట్లో ప్రాంప్టర్ అమ్మమ్మ ఎక్కడ నుంచి వస్తుంది? పైగా వీధిలో, బస్సులో, ఆఫీసుల్లో అంతా మరో భాష వినిపించే మనలాంటి పిల్లలకు తెలుగు నాటకం ఆడే చోటు బడి ఒక్కటే. మరి బడి ఏం చేస్తోంది? నాటకం పీరియడ్‌ను లెక్కలకు ఇచ్చేస్తోంది. వార్షికోత్సవానికి పది రోజుల ముందు హడావిడిగా, ఇంతకుముందు వేషం వేసినవాళ్ళకే మళ్ళీ వేషాలిస్తోంది.

అందుకే “రక్తంలోనే ఉంది” అనే మాట పెద్దలకు అంత ఇష్టం అని నా అనుమానం. రక్తంలోనే ఉంటే ఇక నేర్పే పని తప్పుతుంది కదా!

నేను అడిగేది పెద్ద కోరిక కాదు. వారానికి ఒక్క పీరియడ్, ఏడాది పొడవునా, నాటకానికే ఉంచండి. వేషాలు ఇచ్చే ముందు ప్రతి ఒక్కరి చేతా నాలుగు మాటలు చదివించి వినండి. భయపడే పిల్లలకు ముందు ప్రాంప్టింగ్ ఇవ్వండి, చాటునుంచి మొదలుపెట్టి మెల్లగా ముందుకొస్తారు. ఆ తర్వాత కూడా ఎవరికీ నటన రాకపోతే, అప్పుడు చెప్పండి మీ పులి సామెత.