మంత్రదండానికీ ఓ లెక్కుంది!

తెనాలిలో రేపల్లె పాసింజరు ఎక్కి కిటికీ పక్కన కూర్చున్నారనుకోండి. వేమూరు దాటి బండి కాస్త ఊపందుకోగానే కిటికీ రెక్క గడగడా కొట్టుకోవడం మొదలెడుతుంది. వేగం పెరిగితే ఆ చప్పుడు ఇంకా పెరగాలి కదా? పెరగదు. ఠక్కున ఆగిపోతుంది. భట్టిప్రోలు దగ్గర బండి నెమ్మదిస్తుంటే మళ్లీ ఓసారి గడగడ!

ఇందులో మాయేం లేదు. ఊగే ప్రతి వస్తువుకీ సెకనుకి ఇన్నిసార్లు అని ఓ సొంత లెక్క ఉంటుంది. బయటి కుదుపు సరిగ్గా ఆ లెక్కతో కలిసిందా, చిన్న కుదుపుకే పెద్ద ఊపు వస్తుంది. కలవలేదా, ఏమీ జరగదు. సైన్సు పుస్తకాల్లో దీన్నే అనునాదం అంటారు. ఉయ్యాల ఊపే అమ్మమ్మకి ఈ మాట తెలియకపోవచ్చు. ఎప్పుడు తోయాలో మాత్రం బాగా తెలుసు.

ఇప్పుడీ గొడవంతా ఎందుకంటే... ఆ మధ్య బాపట్లలో మా బాబాయి ఇంటికి వెళ్లాను. ఆయన లెక్కల మాస్టారుగా రిటైరయ్యారు. చేతికి కొత్తగా ఓ రాగి కడియం కనిపించింది.

''ఏంటి బాబాయ్ ఇది?''

''శక్తి క్షేత్రంరా! ఒంట్లో ప్రతి అవయవానికీ ఓ కంపనం ఉంటుందట. ఇది దాంతో శ్రుతి కలుపుతుందట. నాలుగు వేలు.''

నవ్వబోయాను. ఈలోగా పిన్ని అందుకుంది. ''డబ్బు పోతే పోయిందిలే. పదిరోజుల్నుంచీ షుగరు మాత్రలు మానేశారు. ఇక వాటితో పన్లేదని ఆ అమ్మినాయన చెప్పాట్ట.''

నా నవ్వు కాస్తా ఆగిపోయింది.

నిజానికి శక్తి క్షేత్రాలు మనకి కొత్తేం కాదు. చందమామ చదువుతూ పెరిగిన వాళ్లం. మాంత్రికుడు దండం ఎత్తితే కొండ కదిలేది. ఆ లోకాన్ని మనకిచ్చిన వాళ్లలో తెనాలి వాళ్లెంతమందో! 1947లో నాగిరెడ్డితో కలిసి చందమామ మొదలెట్టిన చక్రపాణిది తెనాలే. 1952 నుంచి 1980లో కన్నుమూసేదాకా ఆ పత్రికని నడిపిన కొడవటిగంటి కుటుంబరావుదీ తెనాలే. 'తోకచుక్క'తో మొదలుపెట్టి వరసగా మాంత్రికుల సీరియల్స్ రాసిన దాసరి సుబ్రహ్మణ్యానిదీ ఆ ప్రాంతమే.

వీళ్లలో కుటుంబరావు కాలేజీలో చదివింది భౌతికశాస్త్రం. సైన్సు గురించి వ్యాసాలూ బోలెడన్ని రాశారు. ఓ చేత్తో సైన్సు, మరో చేత్తో భేతాళుడూ రాక్షసులూ! ఆయనకి తేడా లేదు, ఎందుకంటే కథని కథ అని చెప్పే ఇచ్చారు. ఆ పుస్తకం చదివి మందులు మానేసిన వాళ్లెవరూ ఉండరు. కడియం అమ్మినాయన చేసింది వేరు. కథని తీసుకొచ్చి దానికి సైన్సు చొక్కా తొడిగాడు.

ఆ చొక్కా మాత్రం అసలైనదే. ఒకప్పుడు రేడియో మర తిప్పి విజయవాడ కేంద్రం పట్టుకునేవాళ్లం, గుర్తుందా? మీడియం వేవ్‌లో 837 కిలోహెర్ట్జ్. అంటే సెకనుకి 8,37,000 కంపనాలు. మర తిప్పడమంటే రేడియో లోపలి సర్క్యూట్‌ని ఆ లెక్కకి తేవడమే. ఎమ్మారై స్కానింగూ అనునాదమే. 1.5 టెస్లా అయస్కాంతంలో మన ఒంట్లోని హైడ్రోజన్ కేంద్రకాలు సెకనుకి దాదాపు 6.4 కోట్ల కంపనాలున్న రేడియో తరంగాలకి స్పందిస్తాయి. వాటినుంచి తిరిగొచ్చే సంకేతాలతోనే బొమ్మ తయారవుతుంది.

చూశారా, అసలైన అనునాదం ఎక్కడున్నా ఓ అంకె ఉంటుంది. కాబట్టి ఎవరైనా 'శక్తి', 'కంపనం' అంటూ గుమ్మంలోకొస్తే మూడు ప్రశ్నలడగండి. ఊగుతున్నదేంటి? సెకనుకి ఎన్నిసార్లు? ఆ ఊపుకి శక్తి ఎక్కణ్నుంచి వస్తోంది? రైలు కిటికీకి ఇంజిను ఉంది, రేడియోకి అవతల ట్రాన్స్‌మిటరుంది. మరి కడియానికో?

బాబాయితో వాదన పెట్టుకోలేదు. బజారుకెళ్లి అలాంటిదే మరో రాగి కడియం వంద రూపాయలకి కొనుక్కొచ్చాను. పిన్ని వంటింట్లో బొమ్మా బొరుసూ వేసుకుని, ఏది పడితే దాని ప్రకారం ఒకదాన్ని గుడ్డలో చుట్టి పంపుతుంది. నేనూ చూడను. చేత్తో పట్టుకుని అది శక్తి ఉన్నదో లేనిదో బాబాయి చెప్పాలి. పదిసార్లు. మొదటి మూడూ సరిగ్గా చెప్పేసరికి ఆయన మొహం వెలిగిపోయింది, నా గుండె జారిపోయింది. చివరికి లెక్కేస్తే పదికి ఐదు.

బాబాయి ఆ కాగితం వంక చాలాసేపు చూశారు. ''ఇదేంట్రా, పిన్ని వేసిన బొమ్మాబొరుసుల్ని గుడ్డిగా చెప్పినా ఇన్నే వస్తాయి కదా!'' అన్నారు మెల్లగా. ఎంతైనా లెక్కల మాస్టారు. అంకె అబద్ధం చెప్పదని ఆయనకి నేను నేర్పక్కర్లేదు.

మర్నాడు పొద్దున్నే ల్యాబుకి తీసుకెళ్లాను. పరగడుపున షుగరు 248. డాక్టరుగారు చీవాట్లు పెట్టి మళ్లీ మాత్రలు మొదలెట్టించారు.

కడియమంటారా? ఇప్పుడది వాళ్ల మనవడి దగ్గరుంది. వాడు దాన్ని కర్రకి తగిలించుకుని, 'హాం... ఫట్!' అంటూ పెరట్లో రాక్షసుల్ని చంపుతున్నాడు. చేరాల్సిన చోటికే చేరింది!