పేరు ఆయనది, బాట ఆయనది కాదు

జగన్‌మోహన్ రెడ్డిని శాశ్వత అధ్యక్షుడిని చేస్తూ 2022 జూలై ప్లీనరీలో వైఎస్సార్ కాంగ్రెస్ తీసుకున్న నిర్ణయం ప్రజాస్వామ్య విరుద్ధమని కేంద్ర ఎన్నికల సంఘం తేల్చింది. ఒక పార్టీకి ఆ మాట అదే ఏడాది సెప్టెంబరులో ఢిల్లీ నుంచి రావలసి రావడమే సిగ్గుచేటు.

ఇది కార్యకర్తల కోరిక అనే వాదన ఉంది. చేతులెత్తడానికి పిలిచిన సభలో చేతులు లేవడం వింత కాదు. మింగుడుపడనిది మరొకటి: ఇదంతా జగన్ తండ్రి వైఎస్ రాజశేఖర రెడ్డి ఆశయాల కొనసాగింపు అన్న మాట. ఆయన పులివెందుల నుంచి తొలిసారి గెలిచింది 1978లో, ముఖ్యమంత్రి అయింది 2004లో. మధ్యలో 26 ఏళ్లు. 1983లో ఒకసారి, 1998లో మరోసారి రాష్ట్ర కాంగ్రెస్ అధ్యక్షుడయ్యారు; రెండుసార్లూ ఆ కుర్చీ మరొకరికి అప్పగించారు. సొంత పార్టీ ముఖ్యమంత్రులపైనే అసమ్మతి జెండా ఎత్తి పేరు తెచ్చుకున్నారు. ఎన్నికతో నిమిత్తం లేని శాశ్వత పదవి అప్పటి పార్టీలో ఉండి ఉంటే పులివెందుల డాక్టరుకు పైకొచ్చే దారే ఉండేది కాదు. ఆయన ఎదిగిన దారిని ఆయన పేరుతోనే మూసేసి, దాన్ని నివాళి అనడం ఏ రకం నిజాయితీ?

ప్లీనరీ మొదలైంది జూలై 8న, ఆయన జయంతి రోజు. అదే రోజు అదే వేదికపై ఆయన సతీమణి విజయమ్మ గౌరవాధ్యక్ష పదవి వదులుకున్నారు, కూతురు షర్మిలకు తెలంగాణలో తోడుండాలని. మర్నాడే కొడుకుకు శాశ్వత పీఠం. ఇక రికార్డుల్లో పార్టీ పేరు యువజన శ్రామిక రైతు కాంగ్రెస్. అక్కడ వైఎస్సార్ అంటే మనిషి కాదు, మూడు వర్గాలు. ఓట్లడిగేటప్పుడు మాత్రం ఫ్లెక్సీ మీద ఆయన నవ్వే.

తెలుగుదేశం మహానాడులోనూ 1995 నుంచి వచ్చేది ఒకే పేరు కదా అంటే కాదనలేం. అయినా అక్కడ ఎన్నిక అనే తంతు బతికే ఉంది.

కడప, కర్నూలు రైతుల్లో ఆయన మీద అభిమానం కట్టుకథ కాదు. ఉచిత కరెంటు, 11,000 నుంచి 44,000 క్యూసెక్కులకు పెంచిన పోతిరెడ్డిపాడు దానికి మూలం. అది ఒక ఇంటికి రాసిచ్చిన ఈనాం కాదు. శాశ్వత పదవిని రద్దు చేసినట్లు పార్టీ రాతపూర్వకంగా ప్రకటించాలి. అధ్యక్ష ఎన్నికకు గడువు, ఓటర్ల జాబితా బయటపెట్టాలి.